సంతకం అడిగిన కాగితం

క్వీన్స్, న్యూయార్క్.

చిరంజీవి బుజ్జికి పెద్దమ్మమ్మ ఆశీస్సులు.

నీ ఉత్తరం అందింది. ఫోన్లో అయితే సగమే చెప్పగలనని రాశావు. నిజమే, ఫోన్లో అయితే నేను మధ్యలోనే అందుకుంటాను. అది మన ఇంటి ఆడవాళ్ళందరికీ ఉన్న జబ్బే. కాగితం మీద కాబట్టి నువ్వు చెప్పిందంతా నోరు మూసుకుని విన్నాను.

అడిగినదానికి ముందు జవాబు చెప్పేస్తాను, తర్వాత నా పురాణం విందువుగాని. ఆ కాగితం మీద సంతకం పెట్టకు.

మీ వెనక వీధిలో ఒంటరిగా ఉండే ఆవిడను ఎవరో చంపేసిన నెల లోపే నీళ్ళ ట్యాంకు దగ్గర ఇంకో పెద్దావిడ అదే తీరున పోయారంటే, కాలనీ వణికిపోవడంలో వింతేం లేదు. పగలంతా మీ అమ్మ ఇంట్లో ఒక్కతే. ఆఫీసులో కూర్చున్న నీ గుండె ఎలా ఉంటుందో నాకు తెలుసు. కానీ ఆ రెండు హత్యలూ ఒక్కడి పనేనని పోలీసులు అన్నారో, టీవీవాళ్ళు అన్నారో, మీ వాట్సాప్ గ్రూపులో పొద్దుపోని పెద్దమనిషి ఎవరైనా అన్నారో, నీ ఉత్తరంలో ఎంత వెతికినా దొరకలేదు. మీ కాలనీలో అడిగినా ఎవరూ తేల్చి చెప్పలేరనుకుంటా. ఇంతలోనే మీ డాబా మీద రేకుల గదిలో అద్దెకున్న ముగ్గురు కుర్రాళ్ళను ఆదివారం లోగా ఖాళీ చేయించాలని అసోసియేషన్ కాగితం తయారుచేసింది. ఒకడు డెలివరీ పని చేసుకుని రాత్రి రెండింటికి వస్తాడట. ఇంకొకడు గ్రూప్ పరీక్షలకు చదువుకుంటూ ఎవరితోనూ మాట్లాడడట. మూడోవాడిది ఏ ఊరో సరిగ్గా తెలియదట. ఇవీ వాళ్ళు చేసిన నేరాలు! చిన్నప్పుడు నిన్ను చంకనేసుకు తిరిగిన ఆంటీలు, అంకుల్స్ అందరూ సంతకాలు పెట్టేశారు, నేనొక్కదాన్నే పెట్టకపోతే ఏమనుకుంటారో అన్నది నీ బాధ.

ఈ బాధ నేను ఎరుగుదును. 1976లో మేం ఇక్కడ ఫ్లషింగ్‌లో కాపురం పెట్టాం. 1965లో ఇక్కడి వలస చట్టం మారాక డాక్టర్లు, నర్సులు, ఇంజనీర్లు అంటూ మనవాళ్ళు ఒకరొకరుగా వస్తున్న రోజులవి. మా వీధినిండా ఇటలీవాళ్ళు, ఐరిష్‌వాళ్ళు, యూదులు, గ్రీకులు. పేరుకి న్యూయార్క్ గానీ బతుకంతా మన పేటల్లో బతుకే. సాయంత్రమయ్యేసరికి మన అరుగుల మీద చేరినట్టు అందరూ ఇళ్ళముందు మెట్లమీద చేరేవారు. ఎవరి పిల్లాడు బడి ఎగ్గొట్టినా దీపాలు పెట్టే వేళకు వీధంతా తెలిసేది. మా కింది వాటాలో ఉండే ఇటలీ ఆవిడ పెరట్లో కాసిన టమాటాలు కాగితం సంచిలో పోసి మా తలుపు పిడికి తగిలించి వెళ్ళేది. వాటితో నేను చేసిన పచ్చడి తిని కళ్ళమ్మట, ముక్కమ్మట నీళ్ళు కారుస్తూ, ఇంకో గిన్నెడు అడిగి పట్టుకెళ్ళేది.

ఆ ఏడాది జూలై 29 రాత్రి బ్రాంక్స్‌లో, పెల్హామ్ బే అనే పేటలో, కారులో కూర్చుని కబుర్లు చెప్పుకుంటున్న ఇద్దరు స్నేహితురాళ్ళ మీద ఎవడో కాల్పులు జరిపాడు. ఒకమ్మాయి చనిపోయింది. అంత పెద్ద నగరంలో అదొక చిన్న వార్త, మేం చదివామో లేదో కూడా గుర్తులేదు. అక్టోబరులో మా ఫ్లషింగ్‌లోనే, బౌన్ పార్కు దగ్గర, కారులో ఉన్న జంట మీద కాల్చారు. ఆ కుర్రాడికి భుజాలదాకా జుట్టు. వెనకనుంచి చూసి ఆడపిల్ల అనుకుని ఉంటాడని తర్వాత అన్నారు. తలలో గుండు దిగినా అతను బతికి బయటపడ్డాడు. నవంబరులో ఫ్లోరల్ పార్కులో ఇంటి గుమ్మం దగ్గరే ఇద్దరమ్మాయిలు. జనవరిలో ఫారెస్ట్ హిల్స్‌లో ఒకమ్మాయి. మార్చిలో అక్కడికి కూతవేటు దూరంలో కాలేజీనుంచి ఇంటికి నడిచివస్తున్న ఇంకో పిల్ల. తుపాకి ఎదురుగా కనబడేసరికి ఆ పిల్ల చేతిలో ఉన్న పుస్తకాలు మొహానికి అడ్డం పెట్టుకుందట. ఆ మాట విన్న రాత్రి నాకు నిద్ర లేదు.

మార్చి 10న మేయర్ ఏబ్ బీమ్, పోలీసు పెద్దలు కలిసి విలేకర్లను పిలిచి, మొదట చనిపోయిన అమ్మాయినీ, మార్చిలో చనిపోయిన పిల్లనూ ఒకే పాయింట్ 44 క్యాలిబర్ తుపాకితో కాల్చారని ప్రకటించారు. ఏప్రిల్‌లో వాడు బ్రాంక్స్‌లో మరో జంటను చంపి, ఒక పోలీసు కెప్టెన్ పేర ఉత్తరం పడేసి పోయాడు. తనకు తాను పెట్టుకున్న పేరు అందులోనే ఉంది, ‘సన్ ఆఫ్ శామ్’. మే నెలాఖరులో డైలీ న్యూస్ పత్రికలో రాసే జిమ్మీ బ్రెస్లిన్‌కి ఇంకో ఉత్తరం. జూలై 29కి ఏం సిద్ధం చేసుకున్నారని అందులో అడిగాడు. అప్పటికి కొద్ది నెలల ముందే పత్రికాధిపతి మర్డాక్ న్యూయార్క్ పోస్ట్‌ను కొనుక్కున్నాడు. రెండు పత్రికలూ పోటీలు పడి మొదటి పేజీలో వీడినే వేసేవి. మీకు ఇప్పుడు ఫోనులో గంటగంటకీ వస్తున్నట్టే మాకు పొద్దునా సాయంత్రం వచ్చేది. లెక్క చూస్తే ఏడాదిలో ఎనిమిదిసార్లు కాల్చాడు, అందులో ఐదు మా క్వీన్స్‌లోనే. ఆరుగురు పోయారు, ఏడుగురు గాయపడ్డారు.

చనిపోయిన అమ్మాయిల్లో చాలామందికి పొడుగాటి నల్లజుట్టు అని పత్రికలవాళ్ళు పట్టుకున్నారు. ఇంకేముంది, ఊళ్ళో ఆడపిల్లలంతా పార్లర్ల ముందు బారులు తీరారు. కత్తిరించుకునేవాళ్ళు, బంగారు రంగు వేయించుకునేవాళ్ళు. దుకాణాల్లో విగ్గులు దొరికేవి కావు. నాకప్పుడు నడుం దిగిన జడ. ఒకరోజు మా ఇటలీ ఆవిడ కత్తెర పట్టుకుని మేడెక్కి వచ్చేసింది, ‘కూర్చో, కత్తిరించేస్తాను’ అంటూ. మనవైపు ఆడది జుట్టు ఎప్పుడు తీయించుకుంటుందో ఆవిడకెలా చెప్పను? మావారు, అంటే మీ తాతయ్య, ఎదురుగా సోఫాలో పేపరు చదువుకుంటూ నిక్షేపంలా ఉన్నారాయె. ఆయనకు విషయం అర్థమై నవ్వు ఆపుకోలేక పేపరు మొహానికి అడ్డం పెట్టుకున్నారు. చివరికి రాజీకొచ్చాం. జడ ముడిచుట్టి, మీద రుమాలు కట్టుకుని, హాస్పిటల్లో నా ల్యాబు డ్యూటీకి పోయేదాన్ని. ఆవిడ కూతురు మాత్రం బారెడు జుట్టు కత్తిరించి గోధుమరంగు వేయించుకుని వచ్చి, మెట్లమీద కూర్చుని ఏడ్చింది.

మొదట్లో ఆ భయం మా వీధిని మరింత దగ్గర చేసింది, అది ఒప్పుకోవాలి. 7వ నంబరు రైలు దిగే మెయిన్ స్ట్రీట్ స్టేషన్ మెట్ల దగ్గర రాత్రి తొమ్మిదయ్యేసరికి తండ్రులు, అన్నలు నిలబడి ఉండేవారు. వాళ్ళ పిల్లే కానక్కర్లేదు, మా వీధివైపు వెళ్ళే ఏ ఆడమనిషి దిగినా ఎవరో ఒకరు ఇంటిదాకా దిగబెట్టేవారు. నన్ను అలా దిగబెట్టిన ఐరిష్ పెద్దాయన పేరు ఇప్పటికీ తెలియదు. అప్పటికి రెండేళ్ళ కిందటే నగరానికి డబ్బు చాలక వేలమంది పోలీసుల్ని ఇంటికి పంపేశారు. జనానికి జనమే దిక్కన్నమాట.

రానురాను ఆ కాపలా కాసే కళ్ళే వీధి లోపలికి తిరిగాయి. ఎప్పుడు తిరిగాయో గీత గీసి చెప్పలేను. పోలీసులు ఫోన్ నంబరు ఇచ్చి అనుమానమున్న మనిషి పేరు చెప్పమన్నారు. వేలల్లో ఫోన్లు వచ్చాయి. విడిపోయిన పెళ్ళాం మొగుడి పేరు చెప్పింది, అప్పు ఎగ్గొట్టినవాడి పేరు అప్పిచ్చినవాడు చెప్పాడు. చూసినవాళ్ళు చెప్పినదాన్నిబట్టి పోలీసులు బొమ్మలు వేయించారు. ఒకదాంట్లో టోపీ పెట్టుకున్న పిల్లకుర్రాడు, ఇంకోదాంట్లో ముప్ఫై ఏళ్ళవాడు. ఒకదానికీ ఇంకోదానికీ పోలిక లేదు. అలాంటి మొహం వెతికితే ప్రతి వీధిలోనూ ఒకటి దొరుకుతుంది. అన్ని బొమ్మలూ తెల్లవాళ్ళవే కాబట్టి ఆ వేసవి మనవాళ్ళు, నల్లవాళ్ళు కాస్త ఊపిరి పీల్చుకున్నారు. మీ తాతయ్య అదొక ఊరటగా చెప్పుకునేవారు.

మా వీధికి దొరికినవాడు చివరి ఇంట్లో తల్లితో ఉండే మనిషి. ముప్ఫై దాటాయి, పెళ్ళి కాలేదు. బేకరీలో రాత్రి పని. పగలు షెడ్డులో పాత రేడియోలు విప్పి బిగించుకుంటూ ఉండేవాడు. మా రేడియో కూడా ఓసారి బాగుచేసి, డబ్బు ఇస్తే పుచ్చుకోలేదు. అంతకుముందు వీధిలో ఎవరి రేడియో పాడైనా అతని దగ్గరికే. అలాంటిది, మే నెలకల్లా ఆ తల్లి కిరాణా కొట్టులోకి అడుగుపెడితే మాటలు ఆగిపోయేవి. ఆవిడ రొట్టె, పాలు తీసుకుని, చిల్లర లెక్కపెట్టుకుని, తలుపు దాటేదాకా కొట్టులో చప్పుడు ఉండేది కాదు. దాటిన వెంటనే గుసగుసలు మొదలు. ఒక పొద్దున అతని కారు అద్దం మీద పేపర్లో పడ్డ బొమ్మ అతికించి ఉంది. ఎవరు అతికించారో తెలియదని అందరూ అన్నారు, అందరికీ తెలుసు.

ఎవరో అతని పేరు పోలీసులకూ చెప్పారు. ఇద్దరు డిటెక్టివ్‌లు వచ్చి, కాల్పులు జరిగిన రాత్రుల్లో అతను బేకరీలోనే ఉన్నట్టు యజమాని దగ్గర పుస్తకం చూసి, ఒక్క పూటలో తేల్చుకుని పోయారు. వీధి మాత్రం తేల్చుకోలేదు. ‘పుస్తకం అబద్ధమాడదా?’ అన్నాడు మంగలి షాపాయన. ఆ వేసవి దాటకముందే తల్లీకొడుకులు ఇల్లు వదిలి ఎటో వెళ్ళిపోయారు. అసలువాడు దొరికాక, వాళ్ళింకా సామాను సర్దుకుంటుండగా, ఒకావిడ కేకు చేసి పట్టుకెళ్ళి గుమ్మంలో నిలబడింది. వాళ్ళు తలుపు తీయలేదు.

జూలై సంగతి క్లుప్తంగా చెబుతాను. 4వ తేదీన మా బౌన్ వీధిలో మన గణపతి గుడికి కుంభాభిషేకం జరిగింది. ఎక్కడెక్కడినుంచో మనవాళ్ళొచ్చారు. ఆ ఒక్క పగలూ ముడి విప్పి జడ వేసుకుని పూలు పెట్టుకున్నాను, పొద్దు వాలకముందే మళ్ళీ ముడి. 13వ తేదీ రాత్రి దాదాపు నగరమంతా కరెంటు పోయింది, మర్నాడు రాత్రిదాకా రాలేదు. 1,600కి పైగా దుకాణాలు లూటీ అయ్యాయి, 3,700 మందికి పైగా అరెస్టయ్యారు. ఆ వెంటనే వడగాడ్పులు. ఇళ్ళలో ఉడికిపోతున్నా కిటికీలు తెరిచి పడుకోవడానికి ఎవరికీ ధైర్యం లేదు. 29వ తేదీ వస్తోందని క్వీన్స్, బ్రాంక్స్ వీధులనిండా పోలీసులను దింపారు. కొందరు విగ్గులు పెట్టుకుని జంటల్లా కార్లలో కూర్చున్నారు, కొన్ని కార్లలో బొమ్మల్ని కూర్చోబెట్టారు. ఆ రోజు ఏమీ జరగలేదు. రెండు రోజులాగి, 31 తెల్లవారుజామున, వాడు అప్పటిదాకా కాల్పులు జరపని బ్రూక్లిన్‌కి పోయి కారులో ఉన్న జంట మీద కాల్చాడు. ఆ అమ్మాయి చనిపోయింది, అబ్బాయికి చూపు దాదాపు పోయింది. ఆ పిల్లది బంగారు రంగు జుట్టు. మా కింది వాటా అమ్మాయి ఆ వార్త చదివి తన కురచ జుట్టు తడుముకుంటూ ఉండిపోయింది.

ఇప్పుడు వాడు ఎలా దొరికాడో విను. ఈ ఉత్తరం రాయడం దీనికోసమే.

ఆ బ్రూక్లిన్ రాత్రి రెండున్నర ప్రాంతాన ఒకావిడ కుక్కను తిప్పడానికి బయటికొచ్చింది. దారిలో ఫైర్ హైడ్రెంట్ పక్కన, ఆపకూడని చోట, ఆపిన కారుకు పోలీసులు చలానా రాస్తున్నారు. ఒక మనిషి ఆవిడకు ఎదురుపడి, తేరిపార చూసి, చెయ్యి బిగబట్టుకుని నడిచిపోయాడు. కాసేపటికి కాల్పుల చప్పుడు. భయంతో ఆవిడ కొన్నాళ్ళు ఎవరికీ చెప్పలేదు. తర్వాత చెప్పింది. వాడే హంతకుడని ఆవిడ అనలేదు. ఫలానా వేళ, ఫలానా చోట, చలానాలు రాస్తుండగా ఒక మనిషిని చూశానంది, అంతే. పోలీసులు ఆ రాత్రి చలానాలు వెతికారు. అందులో ఒకటి యాంకర్స్ ఊరివాడి ఫోర్డ్ గెలాక్సీది. యాంకర్స్ అంటే నగరం పొలిమేర దాటిన ఊరు. ఇంత దూరం తెల్లవారుజామున ఎందుకొచ్చాడో కనుక్కుందామని డిటెక్టివ్ యాంకర్స్ ఠాణాకి ఫోన్ చేశాడు. ఫోనెత్తిన అమ్మాయి ఎవరనుకున్నావు? ఆ కారు మనిషి వీధి వెనకే ఉండే ఇంటి పిల్ల. వాళ్ళ నల్ల కుక్కను ఏప్రిల్‌లో ఎవరో తుపాకితో కాల్చారు, వాళ్ళ నాన్నకు ఆకాశరామన్న ఉత్తరాలు వచ్చాయి. ఆయన పేరే శామ్. ఆ కారు మనిషి ఉండే అపార్ట్‌మెంట్లోనే కింది వాటాలో ఉండే ఒక షెరీఫ్ ఆఫీసు మనిషికీ అలాంటి ఉత్తరాలే వచ్చాయి, ఆగస్టు మొదట్లో అతని గుమ్మం ముందు నిప్పు కూడా పెట్టారు. వీటన్నిటికీ అక్కడి ఠాణాలో ఫిర్యాదులున్నాయి. అనుమానం కూడా సరైన మనిషి మీదే ఉంది. మూడొందల మంది పోలీసులు సన్ ఆఫ్ శామ్ కోసం నగరం గాలిస్తుంటే, పొలిమేర అవతల ఒక ఫైలులో కుక్కను కాల్చిన కేసుగా వాడు పడి ఉన్నాడు. ఆగస్టు 10 రాత్రి ఇంటిముందు కారు ఎక్కుతుండగా పట్టుకున్నారు. పేరు డేవిడ్ బెర్కోవిట్జ్, 24 ఏళ్ళు, బ్రాంక్స్ పోస్టాఫీసులో ఉత్తరాలు ఏరి పెట్టే ఉద్యోగం.

‘చూశావా, వాడూ ఒంటరిగా ఉండే కుర్రాడే కదా, మేం చెబుతున్నదీ అదే’ అంటారు మీ సెక్రటరీగారు. తెలివైన మనిషి అయితే అనే తీరతారు. నువ్వు తడుముకోకూడదు. యాంకర్స్ ఇరుగుపొరుగు వాడిమీద ఫిర్యాదు చేసింది ఒంటరివాడని కాదు. వాళ్ళ చేతుల్లో ఉత్తరాలున్నాయి, గాయపడ్డ కుక్క ఉంది, కాలిన గుమ్మం ఉంది, ఒక్కోదానికి తేదీ ఉంది. మా వీధి దగ్గర బేకరీ మనిషి మీద ఏముంది? పెళ్ళి కాలేదు, రాత్రి పని, రేడియోలు. మీ రేకుల గది కుర్రాళ్ళ మీద మీ అసోసియేషన్ దగ్గర ఏముందో అడుగు. మీ అమ్మ కన్నుతో చూసిందీ, నువ్వు చెవితో విన్నదీ, తేదీ వేసి చెప్పగలిగిందీ ఒక్కటైనా ఉందా? ఉంటే సంతకాల కాగితం దేనికి, ఈ రాత్రే 112కి ఫోన్ చెయ్యి. బ్రూక్లిన్ ఆవిడలా రోజులు ఆగకు. లేకపోతే ఆ కాగితంలో ఉన్నది మీ భయం ఒక్కటే. భయపడుతున్నామని రాసిస్తే తప్పులేదు, దాన్ని ముగ్గురు పిల్లల పేర్ల మీద రాయకండి.

ఆదివారం మీటింగులో ఉపన్యాసం ఇవ్వకు. గ్రూపులో అసలు రాయకు. వాళ్ళు నీకు శత్రువులు కారు. వాళ్ళలో సగం మంది అరవై దాటినవాళ్ళు, పిల్లలు ఏ ఆస్టిన్‌లోనో మెల్‌బోర్న్‌లోనో ఉన్నవాళ్ళు, రాత్రి కుక్క మొరిగితే లేచి కూర్చునేవాళ్ళు. సెక్రటరీగారింటికి విడిగా వెళ్ళి కాఫీ తాగుతూ చెప్పు. ‘అంకుల్, పోలీసులొచ్చి వాళ్ళ ఆధార్లు చూసుకుని, ఊరు, పేరు రాసుకుంటే మంచిదే. కాలనీలో అద్దెకున్న వాళ్ళందరివీ రాసుకోమందాం, మా ఇంట్లోవాళ్ళవీ ఇస్తాం. ఠాణాకి నేను తోడొస్తాను. ఖాళీ చేయించమనే కాగితం మీద మాత్రం నా సంతకం ఉండదు’ అను. అంతకన్నా ఒక్క ముక్క ఎక్కువొద్దు. వాదిస్తే విను. ‘రేపు ఏమైనా జరిగితే నీదే పూచీ’ అంటారు, అదీ విని ఊరుకో.

ఇలాంటిది అమెరికాలోనే జరుగుతుందని అనుకునేవాళ్ళకు 2018 మే గుర్తుచెయ్యాలి. పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠా తిరుగుతోందని వాట్సాప్‌లో వచ్చిన పుకారు నమ్మి, చాంద్రాయణగుట్టలో జనం ఒక ట్రాన్స్‌జెండర్ మహిళను కొట్టి చంపేశారు. ఆ ఏడాది అలాంటివి దేశంలో ఎన్ని జరిగాయో! జూలైకల్లా వాట్సాప్‌వాళ్ళు మన దేశంలో ఒక సందేశాన్ని ఒకేసారి ఐదు చాట్లకు మించి ఫార్వర్డ్ చేయకుండా కట్టడి పెట్టాల్సి వచ్చింది. అదే సమయంలో గద్వాల వైపు ఎస్పీగా ఉన్న రెమా రాజేశ్వరి పోలీసులను ఊరూరికీ పంపి, డప్పు కొట్టించి, పాటలు కట్టించి, ఇది అబద్ధం నమ్మకండని చెప్పించారు. ఆ పని ఏ సీసీ కెమెరా చేయలేదు. కెమెరాలు వద్దని అనడం లేదు సుమా, పోలీసుల ‘నేను సైతం’ పథకం కింద మీ వీధిలో పెట్టుకుంటామంటే నా వంతు డబ్బు కూడా పంపిస్తాను.

రాత్రి గస్తీ తిరుగుతామంటున్నారని రాశావు. తిరగనీ, మంచిదే. కానీ కర్రలు పట్టుకుని వీధిలో పోయేవాణ్ణి ఆపి ప్రశ్నించే గస్తీ వద్దని గట్టిగా చెప్పు. ఈలలు, టార్చిలైట్లు చాలు. తాగినవాళ్ళను, ఇరవై ఏళ్ళ లోపు పిల్లలను తీసుకోవద్దను. ఆపవలసిన మనిషి కనిపిస్తే ఫోన్ చేయడమే వాళ్ళ పని.

మీ అమ్మ సంగతి. మధ్యాహ్నాలు ఆ వీధిలో ఒంటరిగా ఉండే పెద్దావిడలు ఎందరో లెక్క తీయి. రోజుకొకరి ఇంట్లో అందరూ చేరి కూరగాయలు తరుక్కుంటారో, సీరియళ్ళు చూసుకుంటారో వాళ్ళిష్టం. హంతకుడు కావాలనుకునేది ఒంటరి ఇల్లు, అది లేకుండా చేసుకోండి. పాలవాడికి, పనమ్మాయికి తలుపు తీసే ముందు గొంతు విని తీయమను. పగలు వేళ తప్పకుండా రెండుసార్లు ఫోన్ చెయ్యి. ఎత్తకపోతే పరిగెత్తాల్సిన మనిషి ఎవరో ముందే అనుకుని ఉంచు.

ఆ మనిషి ఎవరన్నది ఆలోచిస్తే నాకు మీ డాబా మీదే కనబడుతున్నాడు. గ్రూప్ పరీక్షలకు చదివే ఆ కుర్రాడు రోజంతా మీ నెత్తిన రెండు వరసల మెట్ల దూరంలో ఉన్నాడు. మీ అమ్మ కేకేస్తే మీ సెక్రటరీగారికన్నా ముందు దిగేది వాడు. నంబరు తీసుకున్నావా? రాత్రి రెండింటికి వచ్చే డెలివరీ అబ్బాయి ఆ వేళ మీ వీధిలో మెలకువగా తిరిగే మనిషి. అతను ఏం చూశాడో పోలీసులు అడిగారా? అతన్ని తరిమేస్తే అడగడానికి ఇంకెవరూ మిగలరు. ఈ మాట సెక్రటరీగారికి చెప్పు, బహుశా ఆయనకు నా మిగతా పురాణమంతా కన్నా ఇదే ఎక్కుతుంది.

ఇంత రాశాక కూడా వాళ్ళ మీద నీకు అనుమానం పోలేదంటే నేను కోప్పడను. అనుమానం ఉంచుకో, తలుపు గడియ వేసుకో, ఎదురుపడితే పలకరించు. ఈ మూడూ కలిసి ఉండగలవు. మేం ఆ వేసవి బేకరీ మనిషిని దారిలో చూసి తలాడించడం మానలేదు. మీ తాతయ్య అయితే పాడవని రేడియో కూడా పాడైందని పట్టుకెళ్ళారు. ఇందుకు మా కింది వాటా ఆవిడ కొన్ని వారాలు మాతో మాట్లాడలేదు. టమాటాలు మానేసింది. మళ్ళీ వచ్చే వేసవికి సంచి తలుపు పిడికి వేలాడింది, ఎందుకు మానేసిందీ ఎందుకు ఇచ్చిందీ చెప్పలేదు, మేం అడగలేదు. మీ ఆంటీలు కూడా కొన్నాళ్ళు మొహం తిప్పుకుంటారు. తిప్పుకోనీ.

స్పైక్ లీ 1999లో దీనిమీద ‘సమ్మర్ ఆఫ్ శామ్’ అని సినిమా తీశాడు. చనిపోయినవాళ్ళ ఇళ్ళవాళ్ళు తీయొద్దని మొత్తుకున్నారు, వాళ్ళ కడుపుకోత వాళ్ళది. సినిమాలో హంతకుడు కనబడేది తక్కువ. బ్రాంక్స్‌లో ఒక ఇటలీ పేట కుర్రాళ్ళు అనుమానితుల జాబితా రాసుకుని, చివరికి తమతో పెరిగినవాడి మీదే పడటం కథ. బూతులు ఎక్కువ, మీ అమ్మతో కలిసి చూడకు. నీకు వీలైతే ఆదివారం లోపు చూడు.

నా మోకాళ్ళు మామూలే. మొన్న మంచు కరిగాక గుడికి నడిచే వెళ్ళాను. నువ్వు పంపుతానన్న గోంగూర పచ్చడి ఎవరైనా ఇటు వస్తుంటేనే పంపు, కొరియరు దండగ.

ఇంకొకటి మరిచాను. మీ ఇంటి వెనక తలుపు గడియ నేను వచ్చినప్పుడే చూశాను, భుజంతో తోస్తే ఊడి వస్తుంది. ఇల్లు కట్టించిన నాటిది. వడ్రంగిని పిలిపించి ఈ వారమే ఇనప అడ్డగడియ వేయించు, డబ్బు సంగతి నేను చూసుకుంటాను. సెక్రటరీగారు ఏమన్నారో, ఎవరెవరు ముభావంగా ఉన్నారో పేరుపేరునా రాయి.

ఆశీస్సులతో,
మీ పెద్దమ్మమ్మ